ఇసుక రేణువుల కొండ: ఏంజెల్స్ ల్యాండింగ్ ఎలా నిలబడింది, ఎలా కూలుతోంది

అమెరికాలో ఉన్న మనవాళ్లు లాస్ వేగస్ ట్రిప్ వేసుకుంటే, చాలామంది యూటా రాష్ట్రంలోని జియాన్ నేషనల్ పార్క్ కూడా చూసి వస్తారు. కారులో రెండున్నర, మూడు గంటల దారి. అక్కడి ఫొటోల్లో అందరికీ గుర్తుండిపోయేది ఒకటుంది: సన్నని ఎర్రటి రాతిగట్టు, రెండు పక్కలా వందల మీటర్ల లోతు, నడుమ ఇనుప గొలుసు పట్టుకుని వరసగా ఎక్కుతున్న జనం. ఆ గట్టు పేరు ఏంజెల్స్ ల్యాండింగ్.

దీని గురించి తరచూ మూడు ప్రశ్నలు వినిపిస్తాయి. కొండెక్కే అనుమతికి లాటరీ ఏమిటి? వాన వెలిసి ఎండ కాస్తున్నా రాతిని ఎక్కొద్దని ఎందుకంటారు? మన అనంతపురం కంటే తక్కువ వాన పడే చోట నీరు ఇంత లోతుగా లోయని ఎలా కోసింది? వీటిని విడివిడిగా చర్చిస్తుంటారు గానీ, నా ఉద్దేశంలో మూడింటికీ మూలం ఒక్కటే. ఆ కొండలో ఇసుక రేణువులు ఒకదానికొకటి ఎంత గట్టిగా అతుక్కుని ఉన్నాయి, ఆ అతుకుని నీరు ఏం చేస్తోంది అన్నది తెలిస్తే మిగతావన్నీ అర్థమవుతాయి.

శిఖరమా, గోడా?

ఏంజెల్స్ ల్యాండింగ్ ఎత్తు సముద్రమట్టానికి 1,765 మీటర్లు. లోయ అడుగు నుంచి లెక్కిస్తే సుమారు 450 మీటర్లు. కింద వర్జిన్ నది దీన్ని చుట్టుకుని మెలిక తిరుగుతుంది. నదికి అవతల గ్రేట్ వైట్ థ్రోన్ అనే తెల్లని కొండ 2,056 మీటర్ల ఎత్తున నిలబడి ఉంటుంది.

శిఖరం అనగానే చుట్టుపక్కల అన్నిటికంటే ఎత్తుగా ఉంటుందనుకుంటాం. ఇక్కడ అలా ఉండదు. వెనక ఉన్న పీఠభూమే దీనికంటే ఎత్తు. ఆ పీఠభూమి అంచు నుంచి లోయలోకి పొడుచుకు వచ్చిన పలుచని రాతి గోడ ఇది. భూగర్భ శాస్త్రంలో ఇలాంటి గోడని ‘ఫిన్’ అంటారు. ఈ ప్రాంతపు ఇసుకరాయిలో నిట్టనిలువు బీటలు దాదాపు ఒకే దిక్కుగా, సమాంతరంగా సాగుతాయి. వాన నీరు, మంచు ముందుగా ఆ బీటల్లోకి దిగి వాటిని వెడల్పు చేస్తాయి. పక్కపక్కనే ఉన్న రెండు బీటలు లోతుగా తెరుచుకుంటే నడుమ మిగిలిన రాయి గోడలా నిలుస్తుంది. గొలుసు పట్టుకుని జనం నడిచేది అలాంటి గోడ అంచు మీదే.

పేర్ల సంగతి క్లుప్తంగా. ఇది సదరన్ పైయూట్ అనే ఆదివాసుల నేల. 1909లో అధ్యక్షుడు టాఫ్ట్ ‘ముకుంటువీప్’ అనే వాళ్ల మాటతోనే దీన్ని జాతీయ స్మారక ప్రాంతంగా ప్రకటించాడు. 1918లో ఆ పేరు తీసేసి, మోర్మన్ అనే క్రైస్తవ శాఖకి చెందిన వలసదారులు వాడే జియాన్ పేరు పెట్టారు. 1919 నవంబరులో నేషనల్ పార్క్ అయింది. కొండకి ఇప్పుడున్న పేరు 1916లో ఇక్కడికి వచ్చిన ఫ్రెడరిక్ ఫిషర్ అనే మెథడిస్ట్ పాస్టర్ పెట్టాడని చెబుతారు.

ఈ కొండ ఒకప్పుడు ఇసుక దిబ్బ

ఈ గోడంతా నవాహో ఇసుకరాయి. సుమారు 18, 19 కోట్ల ఏళ్ల కిందట, జురాసిక్ కాలం తొలి భాగంలో, ఇప్పటి యూటా, ఆరిజోనా, నెవాడా, కొలరాడో, వయోమింగ్ ప్రాంతాల మీదుగా ఒక మహా ఎడారి పరుచుకుని ఉండేది. భూమి చరిత్రలో మనకి ఆనవాళ్లు దొరికిన అతిపెద్ద ఇసుక ఎడారుల్లో అదొకటి. గాలి ఇసుకని తోసి దిబ్బలు పేర్చింది. పాత దిబ్బ మీదికి కొత్త దిబ్బ వచ్చింది. అలా లక్షల ఏళ్లు పేరుకున్న ఇసుక, జియాన్ ప్రాంతంలో 600 మీటర్లకు పైగా మందం ఉన్న రాతిపొర అయింది.

దీనికి రుజువు రాతి మీదే కనిపిస్తుంది. జియాన్ గోడల్లో గీతలు అడ్డంగా తిన్నగా సాగవు. కొన్ని మీటర్ల మేర ఒక వైపుకి వాలి, ఒక్కసారిగా తెగి, పైన మరో వాలుతో మొదలవుతాయి. గాలి వీచే వైపు నుంచి ఇసుక దిబ్బ ఎక్కి, అవతలి వైపు జారి పడుతుంది. ఆ జారుడు వాలులే ఈ గీతలు. గీతలు ఏ వైపుకి దిగుతున్నాయో కొలిస్తే ఆనాటి గాలి ఎటు వీచిందో తెలుస్తుంది. ఇక్కడ ఎక్కువ గీతలు దక్షిణం వైపుకి దిగుతాయి. అంటే గాలి ప్రధానంగా ఉత్తరం నుంచి వీచింది. మనిషి పుట్టకముందే ఆగిపోయిన గాలి దిశని ఇప్పుడు కంటితో చూసి చెప్పగలగడం నాకు ఈ కొండలో అన్నిటికంటే ఆశ్చర్యంగా అనిపించే విషయం.

మరి అంత ఇసుక ఎక్కడి నుంచి వచ్చింది? దగ్గర్లో అప్పుడున్న పర్వతాలు అరిగితే వచ్చిందన్నది సహజంగా తోచే జవాబు. కానీ ఇసుకలో జిర్కాన్ అనే గట్టి ఖనిజపు రేణువులు ఉంటాయి. వాటిలోని యురేనియం ఎంతమేరకు సీసంగా మారిందో కొలిస్తే ఆ రేణువు పుట్టిన కాలం తెలుస్తుంది. విలియం డికిన్సన్, జార్జ్ గెరల్స్ అనే భూగర్భ శాస్త్రవేత్తలు 2003లో అలా వయసులు కట్టి చూస్తే, చాలా రేణువుల వయసు ఖండానికి అవతలి చివర, తూర్పున ఉన్న అపలాచియన్ పర్వతాల రాళ్లతో సరిపోయింది. ఖండాన్ని అడ్డంగా దాటిన పెద్ద నదులు ఆ ఇసుకని పడమరకి మోశాయని, అక్కడి నుంచి గాలి దాన్ని దక్షిణానికి తోసిందని వాళ్ల వాదన. దగ్గరి కొండల ఇసుక కూడా కొంత కలిసింది గానీ, పెద్ద వాటా దూరం నుంచే వచ్చిందన్న అభిప్రాయం అప్పటి నుంచీ బలపడింది.

రేణువుల్ని పట్టి ఉంచేది ఏమిటి?

ఇసుక దిబ్బ రాయి కావాలంటే రేణువుల మధ్య అతుకు కావాలి. పైన పడ్డ పొరల బరువుకి ఇసుక నొక్కుకుంటుంది. భూగర్భ జలం తెచ్చిన ఖనిజాలు సందుల్లో గడ్డకడతాయి. నవాహో ఇసుకరాయిలో ఆ అతుకు ఎక్కువగా కాల్సైట్, అంటే సున్నపు ఖనిజం. దాంతో పాటు ఐరన్ ఆక్సైడ్, కొంత సిలికా ఉంటాయి. రేణువులు క్వార్ట్జ్, అంటే స్ఫటిక రూపంలోని సిలికా, చాలా గట్టివి. వాటిని కలిపి ఉంచేది మాత్రం అంత గట్టిది కాదు. పైగా రేణువుల మధ్య ఖాళీలు బోలెడు మిగిలిపోయాయి.

అతుకు మారితే ఏమవుతుందో చూడాలంటే మన గండికోటకో తిరుమలకో వెళ్తే చాలు. అక్కడి రాయి కూడా ఒకప్పటి ఇసుకే. అది వంద కోట్ల ఏళ్లు దాటిన ఇసుక. దాని సందులన్నీ సిలికాతో నిండిపోయి క్వార్ట్జైట్ అయింది. రేణువూ అతుకూ ఒకే పదార్థం కావడంతో నీరు లోపలికి పోవడానికి దాదాపు దారి లేదు. పెన్నా కోసిన గండికోట గోడలూ, తిరుమల శిలాతోరణమూ అంత దృఢంగా ఉండటానికి అదే కారణం. జియాన్ ఇసుకరాయి ఆ దశకి చేరలేదు.

ఎరుపు, తెలుపు: ఒకే రాయికి రెండు రంగులు

ఏంజెల్స్ ల్యాండింగ్ ఎర్రగా ఉంటుంది, ఎదురుగా ఉన్న గ్రేట్ వైట్ థ్రోన్ పై భాగం తెల్లగా ఉంటుంది. రెండూ నవాహో ఇసుకరాయే. ఎరుపు, రేణువుల మీద పట్టిన ఐరన్ ఆక్సైడ్ పూత వల్ల వచ్చింది. మన మాటల్లో చెప్పాలంటే తుప్పు. పై భాగంలో ఆ పూత కరిగి కొట్టుకుపోయింది. ఇంతవరకూ గొడవ లేదు.

పూతని కరిగించింది ఏమిటన్న దగ్గరే అభిప్రాయాలు వేరవుతాయి. మామూలు ఆక్సిజన్ ఉన్న నీటిలో ఈ ఇనుము కరగదు. ఆక్సిజన్ లేని, ఇనుముని కరిగే రూపంలోకి మార్చే ద్రవం ఏదో రాతిలో పారి ఉండాలి. చమురు, సహజ వాయువు రాతి రంధ్రాల గుండా పైకి వచ్చి ఈ పని చేశాయని యూటా విశ్వవిద్యాలయ పరిశోధకులు వాదించారు. ఈ ప్రాంతంలో చమురు నిల్వలు ఉండటం ఆ వాదనకి బలం. కార్బన్ డయాక్సైడ్ కలిసిన నీటికీ ఇందులో పెద్ద పాత్ర ఉందని మరికొందరు అంటారు. ఒక్కో చోట ఒక్కో ద్రవం పని చేసి ఉండవచ్చు కాబట్టి, మొత్తానికి ఒకే జవాబు కోసం పట్టుబట్టడం సరికాదనిపిస్తుంది.

కరిగిన ఇనుము వేరే చోట మళ్లీ గడ్డకట్టింది. నవాహో ఇసుకరాయిలో గోళీల్లాంటి గుండ్రని ఇనుప గడ్డలు దొరుకుతాయి. 2004లో ఆపర్చునిటీ రోవర్ అంగారకుడి మీద ఇలాంటి చిన్న గుండ్లనే చూసినప్పుడు, అక్కడ ఒకప్పుడు నేలలో నీరు పారిందా అన్న చర్చలో పోలిక కోసం శాస్త్రవేత్తలు యూటా గడ్డల్నే ముందుకు తెచ్చారు.

వాన వెలిశాక కూడా రాయి ఎందుకు ప్రమాదం?

మనకి తెలిసిన కొండలు చాలావరకు గ్రానైట్. గోల్కొండ, భువనగిరి ఏకశిల అలాంటివే. వాన పడితే పైన జారుడుగా ఉంటుంది, ఎండ రాగానే ఆరిపోతుంది, లోపలి బలంలో చెప్పుకోదగ్గ తేడా రాదు. ఈ అనుభవంతో జియాన్ రాతిని అంచనా వేస్తే పొరపాటు పడతాం.

ఇసుకరాయి నీరు పీల్చుకుంటుంది. రంధ్రాల్లోకి నీరు చేరితే రేణువుల మధ్య పట్టు తగ్గుతుంది. మట్టి ఖనిజాలు ఉన్న చోట అవి మెత్తబడతాయి. సున్నపు అతుకు కొద్దికొద్దిగా కరుగుతుంది. పైపొర గంటల్లో ఆరిపోయి పొడిగా కనిపించినా లోపలి తడి ఒకటి రెండు రోజులు, ఒక్కోసారి అంతకంటే ఎక్కువే ఉంటుంది. తాడు కట్టుకుని గోడలెక్కే క్లైంబర్లు వాన తర్వాత ఒకటి నుంచి మూడు రోజులు ఆగడం అందుకే. మనిషి బరువంతా పట్టిన చిన్న రాతి అంచు మీదో, రాతిలో దించిన మేకు మీదో పడుతుంది. తడి రాతిలో అవి ఊడివస్తాయి. మనిషి ప్రాణం సంగతి అటుంచితే, ఒకసారి విరిగిన అంచు తిరిగి రాదు.

గొలుసు దారిలో నడిచేవాళ్ల సమస్య వేరు. వాళ్ల బరువు మెట్ల మీదా, వెడల్పైన రాతి మీదా పడుతుంది కాబట్టి రాయి విరగడం కంటే కాలు జారడం పెద్ద ప్రమాదం. లక్షల అడుగులు పడి ఆ రాయి చాలాచోట్ల నున్నగా అరిగిపోయింది. సన్నటి ఇసుక పొడి పైన పేరుకుంటే పొడి రోజున కూడా జారుతుంది.

ఒక వాన చుక్క ప్రయాణం

పీఠభూమి మీద కురిసిన ఒక చుక్కని అనుసరిద్దాం. అది నవాహో ఇసుకరాయిలోకి ఇంకి, రేణువుల సందుల గుండా నిదానంగా కిందికి దిగుతుంది. దిగి దిగి కయెంటా అనే పొర మీదికి చేరుతుంది. అది బురద, ఒండ్రు గట్టిపడి ఏర్పడిన పొర. నీటిని అంత తేలిగ్గా పోనివ్వదు. చుక్క ఇక పక్కకి తిరిగి, లోయ గోడలో బయటికి ఊరుతుంది. జియాన్‌లో వీపింగ్ రాక్ అలాంటి చోటు. అక్కడ కారే నీరు వెయ్యేళ్లకు పైగా రాతిలో ప్రయాణించి వచ్చిందని లెక్క. ఆ తడి గోడల మీద నాచు, ఫెర్న్ మొక్కలు వేలాడుతూ పెరుగుతాయి. ప్రపంచంలో ఇక్కడ తప్ప మరెక్కడా లేని చిన్న జియాన్ నత్త కూడా ఈ నీటిలోనే బతుకుతుంది.

అందమైన చోటే, కొండకి బలహీనమైన చోటు కూడా అదే. ఊరే నీరు అతుకుని కరిగిస్తుంది, చలికాలం గడ్డకట్టి రాతిని చీలుస్తుంది. కింది కయెంటా పొర మెత్తన కాబట్టి ముందు అది తొలుచుకుపోతుంది. పునాది కింద మట్టి తీసేసిన గోడ కూలినట్టు, పైన ఉన్న ఇసుకరాయి నిలువు బీటల వెంట పలకలు పలకలుగా విరిగి పడుతుంది. జియాన్ గోడలు వాలుగా కాకుండా నిట్టనిలువుగా ఉండటానికి కారణం ఇదే. 2019 ఆగస్టులో వీపింగ్ రాక్ పైన ఉన్న కేబుల్ మౌంటెన్ నుంచి పెద్ద పలక ఊడిపడి కింద ఉన్నవాళ్లకి గాయాలయ్యాయి.

ఎడారిలో ఇంత లోయ ఎలా?

అనంతపురం ప్రాంతంలో ఏడాదికి సగటున 550 మిల్లీమీటర్ల వాన పడుతుంది. జియాన్ లోయలో సుమారు 400. ఇంత తక్కువ నీరు 450 మీటర్ల లోతుకి ఎలా కోసిందన్న అనుమానం సహజమే. జవాబులో మొదటిది వాలు. గోదావరి త్ర్యంబకం దగ్గర 1,067 మీటర్ల ఎత్తున పుట్టి 1,465 కిలోమీటర్లు పారుతుంది. అంటే కిలోమీటరుకి సగటున మీటరు కూడా దిగదు. జియాన్‌లో వర్జిన్ నది కిలోమీటరుకి 10 నుంచి 15 మీటర్లు దిగుతుంది. జియాన్ ఉన్న కొలరాడో పీఠభూమి పైకి లేవడమూ, పడమర అంచున హరికేన్ ఫాల్ట్ అనే భూమి పగులు వెంట నేల కిందికి జారడమూ ఆ వాలుని తెచ్చాయి. పీఠభూమి ఎప్పుడు లేచింది అన్నది మాత్రం ఇంకా వాదనలోనే ఉంది. డైనోసార్ల యుగం ముగిసే రోజుల్లోనే చాలా భాగం లేచిందని కొందరు, గత కొన్ని కోట్ల ఏళ్లలోనే ఎక్కువ లేచిందని మరికొందరు అంటారు.

రెండోది, వాన పడే తీరు. మొక్కలు తక్కువ, బండరాయి ఎక్కువ. ఆగస్టు, సెప్టెంబరు ఉరుముల వానకి నీరు ఇంకే టైం లేక ఒక్క ఉదుటున సన్నని చీలికల్లోకి దూకుతుంది. 2015 సెప్టెంబరులో జియాన్‌లోని కీహోల్ కాన్యన్ అనే సన్నని చీలికలో అలా వచ్చిన వరద ఏడుగురి ప్రాణాలు తీసింది. ఏడాదంతా ప్రశాంతంగా పారే నది చేయలేని కోత కొన్ని గంటల వరద చేస్తుంది.

కోత వేగాన్ని లెక్కకట్టే పద్ధతి చక్కగా ఉంటుంది. చుట్టుపక్కల అగ్నిపర్వతాల లావా ఒకప్పటి నది అడుగులోకి పారి గట్టిపడింది. నది పక్కకి జరిగి మళ్లీ కోసుకుంటూ దిగింది. ఇప్పుడు ఆ లావా నదికి ఎంత ఎత్తున ఉందో కొలిచి, లావా వయసుతో భాగిస్తే వేగం వస్తుంది. జియాన్ దగ్గర అది పది లక్షల ఏళ్లకి సుమారు 400 మీటర్లు. అంటే ఏడాదికి 0.4 మిల్లీమీటర్లు, డెబ్బై ఏళ్ల మనిషి జీవితంలో 28 మిల్లీమీటర్లు. ఈ వేగంతో ఏంజెల్స్ ల్యాండింగ్ అంత లోతు రావడానికి పదకొండు లక్షల ఏళ్ల పైచిలుకు పడుతుంది. 18 కోట్ల ఏళ్ల రాతిలో ఈ లోయ నిన్నగాక మొన్న పుట్టినట్టే.

అయితే ఇది సగటు. అసలు కొండ కదిలేది కుదుపులతో. సుమారు 4,800 ఏళ్ల కిందట జియాన్‌లోనే సెంటినెల్ అనే ఇసుకరాయి శిఖరం పక్క భాగం మొత్తం కూలింది. పరిశోధకులు కట్టిన లెక్క ప్రకారం పడిన రాయి 28.6 కోట్ల ఘనపు మీటర్లు. ఒక చదరపు కిలోమీటరు నేల మీద పేరిస్తే 286 మీటర్ల ఎత్తు వస్తుంది. అది వర్జిన్ నదికి అడ్డుకట్ట అయి సుమారు 700 ఏళ్లు సరస్సుని నిలిపింది. ఆ సరస్సులో పేరుకున్న ఒండ్రు వల్లే నిలువు గోడల నడుమ అంత చదునైన నేల ఏర్పడింది. పాత శిథిలాలు ఇంకా కుదురుకోలేదు. 1995 ఏప్రిల్‌లో వాటిలో ఒక ముక్క మళ్లీ జారి నదిని అడ్డుకుంది. నది పక్కకి తిరిగి రోడ్డుని కోసేయడంతో లోపల జియాన్ లాడ్జిలో ఉన్న వందలమంది చిక్కుకుపోయారు.

లాటరీ గొడవ: రెండు వైపుల మాటా

పై కొన వరకూ దారిని 1926లో వేశారు. వాల్టర్స్ విగుల్స్ అనే 21 మెలికలు ఆ దారిలోవే. పార్కు మొదటి సూపరింటెండెంట్ వాల్టర్ రూష్ పేరు వాటికి పెట్టారు. మెలికలు దాటాక స్కౌట్ లుకౌట్ అనే చోటు వస్తుంది. గొలుసులు అక్కడి నుంచి మొదలవుతాయి. చివరి ఎనిమిది వందల మీటర్లు ఎక్కేవాళ్లూ దిగేవాళ్లూ ఒకే గొలుసు పట్టుకోవాలి. 2021లో పార్కుకి వచ్చినవాళ్లు 50 లక్షలు దాటారు. గొలుసు దగ్గర గంటల తరబడి క్యూలు.

2022 ఏప్రిల్ 1 నుంచి స్కౌట్ లుకౌట్ దాటాలంటే పర్మిట్ తప్పనిసరి అయింది. సీజన్‌కి ముందు ఒక లాటరీ, ప్రయాణానికి ముందు రోజు ఇంకొకటి. మొదలుపెట్టినప్పటి రేట్లతో లెక్కేస్తే, నలుగురి కుటుంబానికి దరఖాస్తు 6 డాలర్లు, ఎంపికైతే మనిషికి 3 చొప్పున 12, మొత్తం 18 డాలర్లు. ఎంపిక కాకపోయినా ఆ ఆరు తిరిగి రావు.

వద్దనేవాళ్ల మాటలో న్యాయం ఉంది. ఇది ప్రజల భూమి, ఇప్పటికే ప్రవేశ రుసుము కడుతున్నాం, ఓడిపోయినవాళ్ల దగ్గర కూడా డబ్బు తీసుకోవడం ఏమిటని వాళ్లు అడుగుతారు. ఇండియా నుంచి వచ్చిన అమ్మానాన్నలతో తేదీలు ఖాయం చేసుకుని వెళ్లే కుటుంబానికి అదృష్టం మీద ఆధారపడటం ఎంత టెన్షనో చెప్పక్కర్లేదు. అవసరమన్నవాళ్లు మొదట గోడ వెడల్పుని చూపిస్తారు. కొన్నిచోట్ల ఇద్దరు పక్కపక్కన నిలబడే చోటు లేదు. ఎదురుపడినవాళ్లు దారివ్వాలంటే ఎవరో ఒకరు గొలుసు వదలాలి. రద్దీ తగ్గితే ఆ క్షణాలు తగ్గుతాయి, రాతి అరుగుదల కూడా తగ్గుతుంది. వచ్చిన డబ్బు దారిలో రేంజర్లని పెట్టడానికి పనికొస్తుందన్నది పార్కు వాదన.

గొలుసుల మీద కూడా ఇలాంటి వాదనే ఉంది. పట్టుకోవడానికి ఏదో ఒకటి ఉంటేనే ఎక్కగలం అంటారు ఒకరు. అది లేకపోతే అసలు అటు రానివాళ్లు కూడా దాన్ని చూసి ధైర్యం చేస్తున్నారంటారు ఇంకొకరు.

పర్మిట్ వచ్చాక ప్రాణనష్టం తగ్గిందా అని అంకెలు అడగడం సబబే గానీ, తొందరగా తేల్చే వీలు లేదు. 2000 నుంచి పర్మిట్ వచ్చేదాకా ఇక్కడ పడి చనిపోయినవాళ్లు పదిమందికి పైనే. అంటే సుమారు రెండేళ్లకి ఒకరు. ఇంత అరుదుగా జరిగేవాటిలో ఒక ఏడాది సున్నా, మరో ఏడాది రెండు రావడం యాదృచ్ఛికంగా కూడా జరుగుతుంది. మూడు నాలుగేళ్ల అంకెలు ఏ పక్షానికీ రుజువు కావు. గొలుసు దగ్గర నిలబడే సమయం, ఎదురుపడే మనుషుల సంఖ్య మాత్రం ఇప్పుడే కొలవగలం. పర్మిట్‌ని బేరీజు వేయడానికి ప్రస్తుతం అవే సరైన కొలతలని నా అభిప్రాయం. నా మొగ్గు పర్మిట్ వైపే, కానీ ఎంపిక కానివాళ్ల ఆరు డాలర్లు తిరిగి ఇవ్వాలన్న డిమాండ్‌కి పార్కు దగ్గర గట్టి జవాబు కనిపించదు. స్కౌట్ లుకౌట్ వరకు మాత్రం ఇప్పటికీ పర్మిట్ లేకుండానే వెళ్లవచ్చు.